భూతాల ఆటలో మూడు రకాల డబ్బు

మొన్న థాంక్స్‌గివింగ్ సెలవుల్లో మా అబ్బాయి నా దగ్గరకు వచ్చి, ఎప్పుడూ లేనంత వినయంగా నిలబడ్డాడు. "నాన్నా, యాభై డాలర్లు కావాలి. నా డబ్బే. సమ్మర్‌లో లైఫ్‌గార్డ్‌గా పని చేసి దాచుకున్నది. కాకపోతే నీ కార్డు మీద కొనాలి" అన్నాడు. ఏం కొంటావురా అని అడిగితే "సెల్స్" అన్నాడు. మన తరానికి సెల్ అంటే ఫోనే కదా. "ఉన్న ఫోను బాగానే ఉందిగా?" అన్నాను. వాడు నా వంక జాలిగా చూసి, "ఫోను కాదు నాన్నా, ఆరిక్ సెల్స్. గేమ్‌లో డబ్బు" అన్నాడు.

నిజం డబ్బు పెట్టి ఆటలో డబ్బు కొనడం ఏమిటి? ఆడితే రావాలి గానీ! అదే మాట అన్నాను. "ఆడితే వచ్చేది వేరే డబ్బు. కొంటే వచ్చేది వేరే డబ్బు. ఇంకోటి మధ్యలో ఉంటుంది" అన్నాడు. నేను పాతికేళ్ళుగా బ్యాంకుల లెక్కల సాఫ్ట్‌వేర్‌తో పొట్ట పోసుకుంటున్నవాణ్ణి. ఒకే ఇంట్లో మూడు కరెన్సీలు నడుస్తున్నాయని తెలిశాక ఊరుకోవడం నా వల్ల కాలేదు. సరే, రేపు ఉదయం కాఫీ తాగుతూ మొత్తం నాకు వివరంగా చెప్పు, ఆ తరువాత కార్డు సంగతి ఆలోచిద్దాం అన్నాను. రేపు ఉదయం అనుకున్నది ఆ వారాంతం మొత్తం పట్టింది. టీనేజి పిల్లలున్న ఇళ్ళలో ఈ ప్రశ్న ఏదో ఒక రోజు వస్తుంది కాబట్టి, నేర్చుకున్నది మీతో పంచుకుంటున్నాను.

ముందు ఆట సంగతి. పేరు 'డెడ్ బై డేలైట్'. మాంట్రియల్‌లోని బిహేవియర్ ఇంటరాక్టివ్ అనే కంపెనీ 2016 జూన్‌లో విడుదల చేసింది. అమెరికా రేటింగు ప్రకారం 17 ఏళ్ళు నిండినవారికే. మా వాడికి నిండాయి. మీ వాడికి నిండకపోతే ఈ వ్యాసం మీరు చదివి దాచుకోండి, వాడికి చూపించకండి. ఒక ఆటలో ఐదుగురుంటారు. నలుగురు ప్రాణాలు కాపాడుకునేవాళ్ళు, ఒకడు హంతకుడు. ఐదుగురూ ఎక్కడెక్కడి నుంచో ఇంటర్నెట్ మీద ఆడుతున్న నిజం మనుషులే. ఆ మైదానంలో ఏడు జనరేటర్లు చెడిపోయి ఉంటాయి. నలుగురూ కలిసి అందులో ఐదింటిని బాగుచేస్తే బయటి గేట్లకు కరెంటు వస్తుంది, తెరుచుకుని పారిపోవచ్చు. ఈలోగా హంతకుడు వాళ్ళను పట్టుకుని కొక్కేలకు తగిలిస్తాడు. ఒక్కొక్కరికి మూడో కొక్కెంతో కథ ముగుస్తుంది.

మా అమ్మ గుంటూరు నుంచి వచ్చి నాలుగు నెలలుగా మా దగ్గరే ఉంది. హాల్లో కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూ ఇదంతా చూస్తోంది. "ఏమిట్రా ఇది, మనుషుల్ని మాంసం కొట్లో లాగా తగిలిస్తున్నారు? పైగా కరెంటు పని చేసుకుంటే వదిలేస్తారా?" అంది. ఆట సారాంశం అంతకంటే క్లుప్తంగా నేను చెప్పలేను.

ఇక మొదటి డబ్బు. దీన్ని బ్లడ్‌పాయింట్లు అంటారు. ఇది పూర్తిగా ఆడి సంపాదించుకునేది. నేరుగా డాలర్లిచ్చి కొనుక్కునే సరుకు కాదు. ఇది ఎలా వస్తుందో చూస్తే ఆట తయారుచేసినవాళ్ళ బుర్ర అర్థమవుతుంది. పారిపోయేవాళ్ళకు నాలుగు పద్దులుంటాయి. మన మాటల్లో చెప్పుకుంటే పని, ప్రాణరక్షణ, పరోపకారం, తెగువ. జనరేటర్ బాగుచేస్తే పని పద్దులో పడుతుంది. తోటివాడిని కొక్కెం మీంచి దించినా, గాయానికి కట్టు కట్టినా పరోపకారం. హంతకుణ్ణి తన వెంట తిప్పుకుని ముప్పుతిప్పలు పెడితే తెగువ. హంతకుడికీ నాలుగు పద్దులున్నాయి. క్రూరత్వం, కపటం, వేట, బలి. ఒక్కో పద్దు కింద ఒక ఆటలో గరిష్ఠంగా 10,000 పాయింట్లు, మొత్తం మీద 40,000. మొదట్లో ఇది 8,000 చొప్పున 32,000 ఉండేది, తరువాత పెంచారు. ఏవైనా బోనస్‌లుంటే దీని పైన వస్తాయి.

"పరోపకారానికి కూడా జీతమా?" అంది అమ్మ.

ఈ పద్దుల్లోనే ఉంది కిటుకు. ఒక పద్దు నిండిపోయాక ఆ పనే ఎంత చేసినా పైసా రాదు. ఆట మొత్తం జనరేటర్ దగ్గరే కూర్చున్నవాడికి ఒక్క పద్దే నిండుతుంది. అలమరాలో దాక్కుని, చివర్లో గేటు తెరుచుకోగానే పరుగెత్తి బయటపడ్డవాడు గెలిచినట్టే గానీ, వాడి జేబులో పెద్దగా ఏమీ ఉండదు. రెండు జనరేటర్లు బాగుచేసి, ఇద్దరిని కాపాడి, హంతకుణ్ణి నాలుగు నిమిషాలు పరిగెత్తించి, చివరికి తాను బలైపోయినవాడు వాడికంటే ఎక్కువ సంపాదించి ఉండొచ్చు. అంటే ఇక్కడ గెలుపు వేరు, సంపాదన వేరు. ముక్కూ మొహం తెలియని నలుగురిని ఒకచోట పడేసి, మాట్లాడుకునే వీలు కూడా ఇవ్వకుండా, ఒకరికొకరు సాయం చేసుకునేలా చేయాలంటే ఇంతకంటే మంచి ఉపాయం నాకు తోచలేదు. మా ఆఫీసులో బోనస్ లెక్కలు రాసే హెచ్.ఆర్. వాళ్ళకు ఈ ఆట ఒకసారి చూపించాలనిపించింది.

సంపాదించిన పాయింట్లు ఎక్కడ ఖర్చు పెడతారు? ఆటలోని ప్రతి పాత్రకూ బ్లడ్‌వెబ్ అని సాలెగూడు లాంటి పటం ఒకటుంటుంది. ఆ గూటి ముడుల దగ్గర వస్తువులుంటాయి. టార్చిలైటు, మందుల పెట్టె, పనిముట్ల పెట్టె, వాటికి తగిలించుకునే అదనపు సరంజామా, నైవేద్యాలు, ఇంకా పెర్కులు. మన ఉద్యోగాల్లో పెర్క్స్ అంటామే, అదే మాట. ఇక్కడ పాత్రకు వచ్చే ప్రత్యేక నైపుణ్యాలన్న మాట. ఒక్కో ముడికి కొన్ని వేల పాయింట్లు చెల్లించి కొనుక్కుంటూ పోవాలి. మొత్తం గూడు అయిపోతే తరువాతి స్థాయి గూడు వస్తుంది. అలా 50 స్థాయిలు. పై స్థాయిలకు వెళ్ళాక ఇంకో చిక్కు ఉంది. మీరు ఒక వైపు నుంచి కొంటుంటే ఎంటిటీ అనే అదృశ్యశక్తి ఇంకోవైపు నుంచి ముడులు మింగేస్తూ వస్తుంది. మనకు కావలసింది ముందు కొనకపోతే అది పోయినట్టే. థాంక్స్‌గివింగ్ మర్నాడు తెల్లవారుజామున దుకాణాల ముందు నిలబడ్డ అనుభవం ఉన్నవారికి ఇది వేరే చెప్పక్కర్లేదు.

50 దాటాక 20,000 పాయింట్లు కట్టి ప్రెస్టీజ్ అనే మెట్టు ఎక్కుతారు. మళ్ళీ ఒకటో స్థాయి నుంచి మొదలు. ఇక్కడ 2022 జూలైలో ఒక పెద్ద మార్పు జరిగింది. అంతకు ముందు ఒక పాత్ర తాలూకు నైపుణ్యం ఇంకో పాత్రకు కావాలంటే, ముందు ఈ పాత్రను కొంత స్థాయి దాకా పెంచి, తరువాత ఆ రెండో పాత్ర సాలెగూట్లో ఆ ముడి ఎప్పుడు పడుతుందా అని ఎదురుచూసి, దాన్ని మళ్ళీ కొనాలి. అదీ ప్రతి పాత్రకూ విడివిడిగా. ఒక్క పాఠాన్ని ఇంట్లో ప్రతి పిల్లవాడికీ వేరువేరుగా ఫీజు కట్టి చెప్పించినట్టు. ఆ మార్పు తరువాత, ఒక పాత్ర మొదటి ప్రెస్టీజ్ ఎక్కితే దాని నైపుణ్యాలు మొదటి మెట్టులో అందరికీ వచ్చేస్తాయి. రెండో ప్రెస్టీజ్‌కు రెండో మెట్టు, మూడో దానికి మూడో మెట్టు, అక్కడితో పూర్తి. అలాగని భారం తీరిందనుకోకండి. ఆటలో ఇప్పుడు రెండు పక్షాలూ కలిపి 80కి పైగా పాత్రలున్నాయి. ఒక్కో పాత్రను మూడు ప్రెస్టీజ్‌లు ఎక్కించాలంటే లక్షల్లో పాయింట్లు కావాలి. పదిహేను, ఇరవై నిమిషాల ఆటకు ఇరవై వేలు వస్తే బాగా ఆడినట్టే. లెక్క మీరే వేసుకోండి.

బ్యాంకు మనిషిగా నాకు నచ్చిన విషయం ఇంకొకటుంది. ఇన్ని కోట్ల పాయింట్లు రోజూ పుడుతుంటే ద్రవ్యోల్బణం రాదా? రాకుండా చూసుకున్నారు. కొన్న వస్తువులు చాలావరకు ఖర్చయిపోయేవే. టార్చిలైటు పట్టుకుని వెళ్ళి చనిపోతే టార్చిలైటు పోయింది. బతికి బయటపడితే అది మిగులుతుంది గానీ, దానికి తగిలించిన బ్యాటరీలూ అవీ పోతాయి. హంతకుడు వాడిన అదనపు సరంజామా గెలిచినా ఓడినా పోయేదే. నైవేద్యం ఎలాగూ మంటలో పడేది. పైగా జేబుకు పరిమితి ఉంది. మొదట్లో పది లక్షలు, తరువాత ఇరవై లక్షలు చేశారు. అది నిండాక ఎంత సంపాదించినా లెక్కలోకి రాదు. దాచుకోవడానికి వీల్లేని డబ్బు అన్న మాట. ఆడు, సంపాదించు, ఖర్చుపెట్టు, మళ్ళీ ఆడు. ఇరవై లక్షల దగ్గరకు వచ్చినప్పుడు మా వాడు హోమ్‌వర్క్ మధ్యలో లేచి వెళ్ళి సాలెగూటిలో ఖర్చుపెట్టి వచ్చాడు. మార్చి నెలాఖరుకు బడ్జెట్ మురిగిపోతుందని ఖర్చుపెట్టే ప్రభుత్వాఫీసులు గుర్తొచ్చాయి.

నైవేద్యాల గురించి ఒక మాట చెప్పాలి. అసలు నన్ను ఈ ఆట వైపు కాస్త మెత్తబరచింది అదే. ఆట మొదలయ్యే ముందు ప్రతి ఒక్కరూ ఒక నైవేద్యం మంటలో వేయవచ్చు. కొన్ని మన ఒక్కరికే లాభం. కానీ 'బ్లడీ పార్టీ స్ట్రీమర్స్' అని ఒకటుంది. కాగితపు తోరణాల్లాంటివి. దాన్ని ఒకరు వేస్తే ఆ ఆటలో ఉన్న ఐదుగురికీ, హంతకుడితో సహా, నూరు శాతం బోనస్ పాయింట్లు వస్తాయి. ఇద్దరు వేస్తే రెండూ కలుస్తాయి. ఖర్చు ఒకరిది, లాభం అందరిది. మన పాట్‌లక్ విందుల్లో ఒకరు పెద్ద గిన్నెడు పులిహోర తెచ్చినట్టు. వేసినవాడికి మిగతావాళ్ళ కంటే ఒక్క పాయింటు కూడా ఎక్కువ రాదు. అయినా వేస్తారు. ఐదుగురూ అది తెర మీద చూసి కాస్త సంతోషంగా ఆట మొదలుపెడతారని మా వాడు చెప్పాడు. అందరూ చంపడానికో చావడానికో వచ్చినవాళ్ళే మరి!

రెండో డబ్బు ఇరిడెసెంట్ షార్డ్స్. మెరిసే గాజుముక్కల్లా ఉంటాయి. వీటిని ఇంట్లో మేము మెరుపు ముక్కలు అంటున్నాం. ఇవి కూడా ఆడితేనే వస్తాయి, కానీ ఎలా ఆడామన్నదానికంటే ఎంతసేపు ఆడామన్నదే వీటికి ముఖ్యం. ఆడిన సమయాన్ని బట్టి ఆటగాడి స్థాయి పెరుగుతుంటుంది, స్థాయి పెరిగినప్పుడల్లా కొన్ని ముక్కలు. ఒక రకంగా ఇది హాజరు పట్టీ. వీటితో 'ష్రైన్ ఆఫ్ సీక్రెట్స్' అనే గుడి లాంటి దుకాణంలో ప్రతి వారం మారే నాలుగు నైపుణ్యాలు కొనుక్కోవచ్చు. లేని పాత్ర తాలూకు నైపుణ్యమైనా సరే ఇక్కడ దొరుకుతుంది. ఆ కంపెనీ సొంతంగా సృష్టించిన పాత్రలను, కొన్ని దుస్తులను కూడా వీటితో కొనవచ్చు.

మూడోది ఆరిక్ సెల్స్. మా అమ్మ భాషలో బంగారు గింజలు. ప్రధానంగా ఇవి డాలర్లతో కొనేవి. 4.99కి 500, 9.99కి 1,100, 19.99కి 2,250, 49.99కి 6,000, 99.99కి 12,500. ఎక్కువ కొంటే గింజ ధర ఒక సెంటు నుంచి 0.8 సెంటు దాకా తగ్గుతుంది. మన కాస్ట్‌కో సూత్రమే.

ఇప్పుడు ఈ మూడూ ఎక్కడ కలుస్తాయో చూడాలి. అసలు కథంతా ఆ కూడలిలోనే ఉంది. కంపెనీ సొంత పాత్ర ఒకటి కొత్తగా వచ్చిందనుకోండి, దానికి రెండు ధరలు అంటించి ఉంటాయి. 9,000 మెరుపు ముక్కలు, లేదా 500 గింజలు. పాతబడ్డ పాత్రలకు ఇంకా తక్కువ. అంటే ఆట తనంతట తానే ఒక మారకపు రేటు ప్రకటించిందన్న మాట. 9,000 ముక్కలు అంటే ఐదు డాలర్లు. మా వాడు ఒక వారం రోజులు రాసిపెట్టిన లెక్క చూస్తే గంటకు సుమారు 250 ముక్కలు వస్తున్నాయి. 9,000 ముక్కలకు 36 గంటలు. 36 గంటలకు ఐదు డాలర్లు, అంటే గంటకు 14 సెంట్లు.

అమెరికాలో ఫెడరల్ కనీస వేతనం గంటకు 7.25 డాలర్లు. అదే 36 గంటలు స్విమ్మింగ్ పూల్ దగ్గర ఈల వేసుకుని కూర్చుంటే, ఆ కనీస వేతనం మీద కూడా 261 డాలర్లు వస్తాయి. ఈ లెక్క చూపించి నేను గెలిచాననుకున్నాను. మా వాడు ప్రశాంతంగా, "కానీ నాన్నా, నేను ముక్కల కోసం ఆడట్లేదుగా. ఆడతాను కాబట్టి ముక్కలొస్తున్నాయి. నువ్వు టెన్నిస్ ఆడితే గంటకెంత ఇస్తారు?" అన్నాడు. నేను శనివారాలు టెన్నిస్ కోర్టుకు ఎదురు డబ్బు కడతాను. ఆ రౌండు వాడిదే.

కానీ ఇద్దరం ఒప్పుకున్న విషయం ఒకటుంది. సరదాగా ఆడుతున్నంతసేపూ ఆ ముక్కలు ఉచితం. ఎప్పుడైతే సరదా లేకపోయినా, ఇంకో 600 ముక్కలే తక్కువ కదా అని రాత్రి ఒంటిగంట దాకా కూర్చుంటామో, అప్పుడది గంటకు 14 సెంట్ల ఉద్యోగం. ఆ తేడా బయటినుంచి చూసే తండ్రికి కనపడదు. ఆడేవాడికి మాత్రం తెలుస్తుంది. "అలా ఎప్పుడైనా కూర్చున్నావా?" అని అడిగాను. కాసేపు ఆగి, "అక్టోబర్‌లో కొన్నిసార్లు" అన్నాడు. అక్టోబర్‌లో వాడి కాలేజీ అప్లికేషన్ వ్యాసాలు ఎందుకు ఆలస్యమయ్యాయో నాకు అప్పుడు తెలిసింది. ఏమీ అనలేదు. అడిగినప్పుడు నిజం చెప్పినవాణ్ణి తిడితే, ఇంకోసారి చెప్పడు.

ఇక రెండు ధరలు లేని సరుకు సంగతి. సినిమాల నుంచీ, ఇతర ఆటల నుంచీ అద్దెకు తెచ్చుకున్న పాత్రలు. 2016లోనే 'హాలోవీన్' సినిమా హంతకుడు మైకేల్ మయర్స్ వచ్చాడు. తరువాత ఫ్రెడ్డీ క్రూగర్, 'సా', 'స్ట్రేంజర్ థింగ్స్', 'సైలెంట్ హిల్', 'రెసిడెంట్ ఈవిల్', 'రింగు', 'ఏలియన్', ఇలా వరుసగా. 2023లో సాక్షాత్తూ నికొలస్ కేజ్ తన సొంత పేరుతోనే ఒక పాత్రగా వచ్చాడు. ఈ అద్దె పాత్రలను మెరుపు ముక్కలతో కొనలేరు. వెయ్యి గంటలు ఆడినా, పది వేల గంటలు ఆడినా సరే. వీటికి బంగారు గింజలో, డాలర్లో కావాల్సిందే. ఎందుకో ఊహించడం కష్టం కాదు. సినిమా కంపెనీకి ఇచ్చే రాయల్టీ గాజుముక్కల్లో ఇస్తే తీసుకోరు. మా వాడు మోజుపడుతున్నవి సరిగ్గా ఇవే.

అద్దె సరుకుకు ఇంకో లక్షణం ఉంటుంది. అద్దె ఒప్పందం ఏదో ఒకనాడు ముగుస్తుంది. 'స్ట్రేంజర్ థింగ్స్' అధ్యాయం 2019 సెప్టెంబరులో వచ్చి, 2021 నవంబరులో అమ్మకం నుంచి తీసేశారు. అప్పటికే కొన్నవారికి అది పోలేదు, ఆడుకుంటూనే ఉన్నారు. కొత్తవారికి మాత్రం తలుపులు మూసుకున్నాయి. 2023 నవంబరులో మళ్ళీ తెరుచుకున్నాయి. 'హెల్‌రైజర్' అధ్యాయం 2025 ఏప్రిల్‌లో అలాగే అమ్మకం ఆపేశారు. త్వరలో తీసేస్తున్నాం అన్న ప్రకటన ఎంత బలమైన అమ్మకపు మంత్రమో మళ్ళీ చెప్పనక్కర్లేదు. అద్దె సమస్య ఇంకా తీవ్రంగా కనపడేది 'ఫ్రైడే ద థర్టీన్త్' ఆటలో. అదీ ఇలాంటిదే, 2017లో వచ్చింది, ఒక హంతకుడు, పారిపోయేవాళ్ళు ఏడుగురు. అందులోనూ ఆడి పాయింట్లు సంపాదించి, వాటితో లాటరీలా నైపుణ్యాలు తీసుకునేవారు. అక్కడ ఆట మొత్తమే అద్దె పేరు మీద నడిచింది. లైసెన్సు గడువు ముగియడంతో 2023 డిసెంబరు 31తో అమ్మకం ఆగింది. కనీసం 2024 ఆఖరు దాకా నడుస్తుందని మాత్రం అప్పట్లో హామీ ఇచ్చారు. ఏళ్ళ తరబడి పోగేసిన పాయింట్ల ఖాతాకు అంతకంటే పూచీ ఏమీ లేదు. మా వాడికి ఇది చెబితే, "బ్యాంకు మూతపడితే మీకు ఎఫ్.డి.ఐ.సి. ఉంటుంది కదా, మాకేదీ?" అన్నాడు. అడగవలసిన ప్రశ్నే.

దుస్తుల లెక్క కూడా చూడండి. ఇవి ఆటలో ఎలాంటి బలమూ ఇవ్వవు, అందానికి మాత్రమే. మంచి రకం ఒక జతకు చాలాకాలంగా ఉన్న ధర 1,080 గింజలు. పది డాలర్ల పొట్లంలో ఉండేవి 1,100. కొన్నాక 20 మిగులుతాయి. ఆ పై రకం 1,485. దానికి 1,100 పొట్లం ఒకటి, 500 పొట్లం ఒకటి కొనాలి, 115 మిగులుతాయి. మిగిలినవాటితో చెప్పుకోదగ్గదేమీ రాదు. వెనక్కి ఇచ్చి డాలర్లు తీసుకోవడం కుదరదు. మిగిలాయి కదా అని ఇంకో పొట్లం కొనాలనిపిస్తుంది. ఇది ఈ ఒక్క ఆటలోదే కాదు, గింజలమ్మే ప్రతి ఆటలోనూ ఇంతే. మా చిన్నప్పుడు కిరాణా కొట్టులో చిల్లర లేదని చాక్లెట్ చేతిలో పెట్టేవాడు గుర్తున్నాడా? వాడే.

ధరను డాలర్లలో కాకుండా గింజల్లో ఎందుకు రాస్తారన్నదానికి జవాబు కూడా ఇందులోనే ఉంది. 10 డాలర్లు అంటే చెయ్యి ఒక్క క్షణం ఆగుతుంది. 1,080 అంటే ఆగదు. ఇంకా మధ్యలో రెండు మూడు మెట్లు పెడితే అసలు ధర ఎంతో కాల్క్యులేటర్ ఉంటే గానీ తెలియదు. ఈ సంగతి ఇప్పుడు ప్రభుత్వాల దృష్టికీ వచ్చింది. 2025 జనవరిలో అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ 'గెన్షిన్ ఇంపాక్ట్' అనే వేరే ఆట వాళ్ళతో 2 కోట్ల డాలర్ల జరిమానాకు రాజీ కుదుర్చుకుంది. ఒకదాన్ని ఇంకోదానిలోకి మార్చుకుంటూ పోయే కరెన్సీల వల్ల అసలు ఖర్చు పిల్లలకు తెలియకుండా పోయిందన్నది కమిషన్ ఆరోపణల్లో ఒకటి. అంతకు ముందు 2022 డిసెంబరులో 'ఫోర్ట్‌నైట్' తయారీదారు ఎపిక్ గేమ్స్, పొరపాటున నొక్కితే కొనుగోలైపోయేలా బటన్లు పెట్టారన్న కేసులో 24.5 కోట్ల డాలర్లు వాపసులకు కట్టడానికి ఒప్పుకుంది. మా వాడి ఆటకు వాటితో సంబంధం లేదు. దీని దుకాణంలో లోపల ఏముందో తెలియని లాటరీ పెట్టెలు కూడా లేవు, చూసినదే కొంటాం. ఆ మేరకు ఇది నయం.

మధ్యలో మా అమ్మ అసలు ప్రశ్న అడిగింది. "ఇది రమ్మీ లాంటిదే కదురా? మన వీధిలో ఆ ఫోను రమ్మీలో పడి ఇల్లు అమ్ముకున్నాడొకడు." ఆమె భయం ఊరికే పుట్టింది కాదు. డబ్బు పందెంతో ఆడే ఆన్‌లైన్ రమ్మీని తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో నిషేధించాయి. 2025 ఆగస్టులో భారత పార్లమెంటు దేశం మొత్తానికీ వర్తించేలా డబ్బు పందెపు ఆన్‌లైన్ ఆటలను నిషేధిస్తూ చట్టం చేసింది. తేడా ఏమిటో అమ్మకు ఇలా చెప్పాను. రమ్మీలో వేసిన డబ్బు తిరిగి వస్తుందేమోనన్న ఆశ ఉంటుంది, పోయినదాన్ని రాబట్టుకోవాలని ఇంకా వేస్తాడు. ఇక్కడ డబ్బు ఒకవైపే వెళుతుంది. గింజలు, ముక్కలు, పాయింట్లు ఏవీ మళ్ళీ డాలర్లు కావు. సినిమా టికెట్టు కొన్నట్టు. అమ్మ కాసేపు ఆలోచించి, "సినిమా మూడు గంటల్లో అయిపోతుందిగా" అంది.

ఇంత అయ్యాక కార్డు సంగతికి వచ్చాం. 6,000 గింజల పొట్లం ఎందుకని అడిగితే, నాలుగు అద్దె పాత్రలు, రెండు జతల దుస్తులు, ఇంకా భవిష్యత్తుకు కొన్ని అని లెక్క చెప్పాడు. ఆ 'భవిష్యత్తుకు కొన్ని' దగ్గర ఆపాను. వాడే మళ్ళీ కంప్యూటర్ ముందు కూర్చుని ఒక సంగతి కనిపెట్టాడు. వాడు ఆడేది స్టీమ్ మీద. ఆ దుకాణంలో ఇవే అధ్యాయాలు గింజల ప్రమేయం లేకుండా నేరుగా డాలర్లలో అమ్ముతారు. హంతకుడూ, పారిపోయే పాత్రా కలిపి ఒకే ధర. విడివిడిగా గింజలతో కొనడం కంటే చాలాసార్లు తక్కువే. పైగా ఏటా డిసెంబరు చివర్లో శీతాకాలపు అమ్మకం ఉంటుంది. గింజలు ముందే కొని పెట్టుకున్నవాడికి ఆ తగ్గింపు దక్కదు. ఆట లోపలి దుకాణంలో కూడా హాలోవీన్‌కో, జూన్ వార్షికోత్సవానికో తగ్గింపులుంటాయి, కానీ అక్కడ మళ్ళీ గింజలే.

చివరికి ఒప్పందం ఇలా కుదిరింది. గింజలు కొనడం లేదు. డిసెంబరు అమ్మకం దాకా ఆగాలి, అప్పుడు స్టీమ్‌లో డాలర్లలో కనపడే ధరకు కావలసిన అధ్యాయాలు వాడి డబ్బుతో కొనుక్కోవచ్చు. కార్డు నంబరు ఆటలో దాచి ఉంచకూడదు, కొన్నప్పుడల్లా నేను టైపు చేస్తాను. "మరి అప్పటికి లైసెన్సు అయిపోయి తీసేస్తే?" అన్నాడు. తీసేస్తే ఆ యాభైలో కొంత మిగులుతుంది అన్నాను. నవ్వాడు గానీ పూర్తిగా ఒప్పుకోలేదని తెలుస్తూనే ఉంది.

డిసెంబరులో అమ్మకం మొదలైన రాత్రి మూడు అధ్యాయాలు కొన్నాడు. యాభైలో సగం కూడా కాలేదు. ఆదివారం రాత్రి పది గంటలకు, అంటే హైదరాబాదులో సోమవారం ఉదయం, మా తమ్ముడి కూతురు కాలేజీకి వెళ్ళేలోపు వీడితో కలిసి ఆడింది. ఆట మొదలయ్యే ముందు ఆ అమ్మాయి స్ట్రీమర్స్ వేసింది. "చూశావా నానమ్మా, అక్క నా కోసం కాల్చింది" అని మా వాడు అరిచాడు. నా ఒళ్ళో ఉన్న స్ప్రెడ్‌షీటులో దాన్ని ఏ పద్దు కింద రాయాలో తెలియక ల్యాప్‌టాప్ మూసేశాను.